రెండు కోటల మధ్య ఒక యుద్ధం

ఒకటి పెబ్బులి పేరు పెట్టుకున్న ఊరు. ఇంకొకటి విజయం పేరు పెట్టుకున్న నగరం. రెంటికీ మధ్య దూరం 60 కిలోమీటర్ల లోపే. కానీ 1757 జనవరి 24న ఆ రెండు ఊళ్ల మధ్య జరిగిన యుద్ధాన్ని తెలుగువాళ్లు ఇవాళ్టికీ మర్చిపోలేదు. బుర్రకథగా విన్నారు, నాటకంగా ఆడారు, సినిమాగా తీశారు, టీవీ ముందు కూర్చుని పిల్లలకు చూపించారు. ఆ కథ పుట్టిన నేల మీద ఓసారి తిరిగొద్దాం రండి.

ఇంగ్లండులో 1956లో ఓ టీవీ సీరియల్ మొదలైంది. పేరు ‘ది అడ్వెంచర్స్ ఆఫ్ సర్ లాన్సలాట్’. ఆర్థర్ రాజుగారి గుండ్రటి బల్ల, దాని చుట్టూ కూర్చునే నైట్‌లు, వాళ్ల కత్తులూ గుర్రాలూ, ఇచ్చిన మాట కోసం ప్రాణాలకు తెగించే సాహసాలూ... అన్నీ అందులో ఉండేవి. పిల్లలూ పెద్దలూ ఒకే గదిలో కూర్చుని చూసే సీరియల్ అది. నైట్ అంటే ఇలా ఉండాలి అని అక్కడి ఓ తరానికి నేర్పింది.

మనకు లాన్సలాట్ లేడు. తాండ్ర పాపారాయుడు ఉన్నాడు. గుండ్రటి బల్ల లేదు. తంబురా, రెండు గుమ్మెట్లు, ఊరి మధ్య ఓ అరుగు, కిరసనాయిలు దీపం... అంతే. కథకుడు గొంతెత్తి రాజాం నుంచి పాపారాయుడు బయలుదేరాడు అనగానే నిద్రకు జోగుతున్న పిల్లలు కూడా లేచి కూర్చునేవారు. లాన్సలాట్ నిజంగా ఉన్నాడో లేడో చరిత్రకారులు తేల్చలేదు. బొబ్బిలి యుద్ధం మాత్రం నిజంగా జరిగింది. తేదీ ఉంది. స్థలం ఉంది. బస్సెక్కి వెళ్లి చూడొచ్చు.

పెబ్బులి ఊరు

విజయనగరం నుంచి ఉత్తరంగా రాయగడ వైపు వెళ్లే రైలెక్కితే దారిపొడవునా మామిడి తోటలు, తాటిచెట్లు, వరిచేలు. దూరంగా తూర్పు కనుమలు. బొబ్బిలి జంక్షన్‌లో దిగితే అక్కణ్నుంచి సాలూరుకు ఓ చిన్న లైను చీలుతుంది. ఒకప్పుడు ఆ లైను మీద రైలుబస్సు నడిచేది. పట్టాల మీద బస్సు పోతుంటే పిల్లలకు అదో వింత.

ఊరి పేరు వెనక ఓ కథ ఉంది. 17వ శతాబ్దంలో శ్రీకాకుళం ప్రాంతాన్ని షేర్ మహమ్మద్ ఖాన్ ఏలేవాడు. శ్రీకాకుళం పట్టణంలో ఆయన కట్టించిన జామియా మసీదు ఇప్పటికీ ఉంది. ఆయన వెంట వెంకటగిరి వెలమ వంశానికి చెందిన ఓ సేనాని ఈ ప్రాంతానికి వచ్చాడంటారు. చేసిన సేవకు మెచ్చి నవాబు ఇచ్చిన భూమిలో ఆయన కోట కట్టుకున్నాడు. ‘షేర్’ అంటే పులి. ఏలిక మీద గౌరవంతో కోటకు ‘పెబ్బులి’ అని పేరు పెట్టాడు. పెబ్బులి జనం నోట నలిగి నలిగి బొబ్బిలి అయింది. 

ఈ పేరులోని పులిని సినిమావాళ్లు కూడా వదల్లేదు. ‘బొబ్బిలి పులి’, ‘బొబ్బిలి బ్రహ్మన్న’, ‘బొబ్బిలి రాజా’, ‘బొబ్బిలి సింహం’... ఇవేవీ ఆ యుద్ధం గురించి తీసినవి కావు. అయినా టైటిల్లో బొబ్బిలి అన్న మూడక్షరాలు కనిపిస్తే చాలు, హీరో తలవంచడని ప్రేక్షకుడికి ముందే తెలిసిపోతుంది.

అయిదు విజయాల నగరం

ఇక రెండో కోట. విజయనగరం నడిబొడ్డున, నాలుగు మూలలా పెద్ద బురుజులతో, ఎత్తైన రాతిగోడలతో ఉంటుంది. పూసపాటి వంశస్థులు 1713లో దీన్ని కట్టడం మొదలుపెట్టారు. ముహూర్తం మామూలుది కాదు. అది విజయ నామ సంవత్సరం. తిథి విజయదశమి. వారం జయవారం, అంటే మంగళవారం. రాజుగారి పేరులో విజయం, ఊరి పేరులో విజయం. ఇలా అయిదు విజయాలు కలిశాయని ఇక్కడివాళ్లు వేళ్లు మడిచి లెక్కచెబుతారు.

పడమటి వైపు నగరఖానా ద్వారం దగ్గర నిలబడితే రాచరికం దర్జా అర్థమవుతుంది. లోపలికి వెళితే 1869లో దర్బారు కోసం కట్టిన మోతీమహల్ ఉంది. ఇప్పుడు కోటలో రాజుల కొలువు లేదు, కాలేజీ పిల్లల కోలాహలం ఉంది. పూసపాటి వారు తమ కోటను చదువుల కోసం మాన్సాస్ ట్రస్టుకు అప్పగించారు. ఈ ఊరికి దగ్గర్లోని కొరుకొండలో ఉన్న వారి ప్యాలెస్‌లోనే 1962లో సైనిక్ స్కూలు మొదలైంది. ఒకప్పుడు రాజకుమారులు తిరిగిన చోట ఇవాళ మామూలు ఇళ్ల పిల్లలు కవాతు చేస్తున్నారు.

గురజాడ వారి ‘కన్యాశుల్కం’ 1892లో మొదటిసారి రంగస్థలం ఎక్కింది ఈ ఊళ్లోనే. ఆదిభట్ల నారాయణదాసు తొలి ప్రిన్సిపాలుగా 1919లో సంగీత కళాశాల పుట్టిందీ, ఘంటసాల వచ్చి చదువుకుందీ ఇక్కడే. ఇలాంటి ఊరికి మన సినిమాల్లో మాత్రం విలన్ పాత్ర దక్కింది. ఎందుకో తెలియాలంటే రెండున్నర శతాబ్దాలు పైగా వెనక్కి వెళ్లాలి.

మధ్యలో వచ్చిన మూడోవాడు

1750ల్లో ఉత్తర సర్కార్ల పరిస్థితి విచిత్రంగా ఉండేది. నిజాం సలాబత్ జంగ్ గద్దె నిలబడటానికి ఫ్రెంచి సైన్యం సాయపడింది. ఆ సైన్యం జీతాల కోసం 1753లో ఆయన శ్రీకాకుళం, రాజమండ్రి, ఏలూరు, ముస్తఫానగరం సర్కార్లను ఫ్రెంచివాళ్లకు రాసిచ్చాడు. వాళ్ల సేనాని మార్క్విస్ ది బుస్సీ. మన కథల్లో ‘బుస్సీ దొర’.

కాగితం మీద సర్కార్లు వచ్చాయి గానీ శిస్తు వసూలు చేసుకోవడం బుస్సీకి అంత తేలిక కాలేదు. కొండలు, అడవులు, అడుగడుక్కీ ఓ కోట, కోటకో దొర. ఎవరికీ తలవంచే అలవాటు లేదు. అలాంటప్పుడు ఆయనకు అండగా నిలిచినవాడు విజయనగరం ప్రభువు పెద విజయరామరాజు. మరోవైపు బొబ్బిలిలో రాజా గోపాలకృష్ణ రంగారావు.

ఇరుగుపొరుగు సంస్థానాలు. సరిహద్దు తగాదాలున్నాయి. ఏటి నీళ్ల దగ్గర తగాదాలున్నాయి. ఎవరు గొప్ప అన్న పంతం అన్నిటికన్నా ముందుంది. పల్లెల్లో గట్టు తగాదా చూసినవాళ్లకు ఇది కొత్తగా అనిపించదు. కాకపోతే ఇక్కడ గట్టుకు ఇటూ అటూ ఉన్నది ఇద్దరు రైతులు కాదు, ఇద్దరు రాజులు. పైగా ఒకరి చేతికి ఫిరంగులున్న స్నేహితుడు దొరికాడు.

బొబ్బిలి ఖాళీ చేసి వెళ్లిపోతే బదులుగా వేరేచోట భూములిస్తామని రంగారావుకు కబురు వెళ్లింది. తాతల నాటి కోట వదిలి పొమ్మనడం ఆయనకు చావుతో సమానంగా తోచింది. పొమ్మన్నారు, పోనన్నాడు. ఈలోగా బొబ్బిలి అడవుల గుండా వెళుతున్న బుస్సీ సిపాయిల మీద దాడి జరిగింది. కొందరు చనిపోయారు. అది బొబ్బిలి వారి పనేనని విజయరామరాజు నమ్మబలికాడు. బుస్సీ దివాను హైదర్ జంగ్‌ను కూడా తనవైపు తిప్పుకున్నాడని మన కథలు చెబుతాయి. ఫ్రెంచి సేన బొబ్బిలి దారి పట్టింది.

జనవరి 24, 1757

ఆ రోజు ఏం జరిగిందో ఇంగ్లిషులో వివరంగా రాసిపెట్టినవాడు రాబర్ట్ ఆర్మ్. ఈస్టిండియా కంపెనీ చరిత్రకారుడు. 1778లో వచ్చిన ఆయన పుస్తకంలో బొబ్బిలికి కొన్ని పేజీలు కేటాయించాడు. ఫ్రెంచివాళ్లకు శత్రుపక్షం మనిషి, బొబ్బిలితో చుట్టరికం లేనివాడు. అయినా ఆ పేజీలు రాసేటప్పుడు ఆయన మనసు చలించినట్టే ఉంటుంది.

ఆర్మ్ లెక్క ప్రకారం బుస్సీ వెంట 750 మంది ఐరోపా సైనికులు, వారిలో 250 మంది గుర్రపు దళం. నాలుగు ఫిరంగులు. వీరికి తోడు విజయరామరాజు సేనా, సిపాయిలూ కలిపి 11 వేల మంది. ఎదురుగా ఉన్నదేమిటి? నలుమూలలా బురుజులున్న చిన్న మట్టికోట. చుట్టూ దట్టమైన వెదురుపొదలు. లోపల గుప్పెడు మంది.

తెల్లవారుతుండగా ఫిరంగులు మొదలయ్యాయి. గోడలు కూలుతున్న చోటల్లా మనుషులు గోడలై నిలబడ్డారు. నిచ్చెనలు వేసి ఎక్కేవాళ్లను ఎక్కినట్టే తోసేశారు. మధ్యాహ్నం దాకా పోరు సాగింది. ఇక కోట నిలవదని తేలిపోయింది.

ఇక్కడి నుంచి కథ చెప్పడం కష్టం. శత్రువు చేతికి చిక్కకూడదని కోటలోని ఆడవాళ్లను, పిల్లలను వాళ్ల సొంత మనుషులే చంపారు. ఇళ్లకు నిప్పుపెట్టారు. బుర్రకథల్లోనూ సినిమాల్లోనూ రాణి మల్లమ్మదేవి మరణం వీరమరణంగానే వినిపిస్తుంది. జనం కన్నీళ్లు పెట్టుకుంటారు, చప్పట్లూ కొడతారు. కానీ ఆ కోటలో రాణి ఒక్కతే లేదు. దాసీలు ఉన్నారు, వంటవాళ్లు ఉన్నారు, చంటిపిల్లలున్నారు. చావాలా బతకాలా అని వాళ్లను ఎవరూ అడిగి ఉండరు.

తుపాకి గుండు తగిలి రంగారావు కూడా నేలకొరిగాడు. విజేతలు కోటలోకి అడుగుపెట్టేసరికి అక్కడ గెలుచుకోవడానికి ఏమీ మిగల్లేదు. శవాలు, బూడిద తప్ప.

రాజాం నుంచి వచ్చిన కోపం

బొబ్బిలికి తూర్పున సుమారు 30 కిలోమీటర్ల దూరంలో రాజాం ఉంది. ఒకప్పటి శ్రీకాకుళం జిల్లా ఊరు, 2022లో జిల్లాలు విడదీసినప్పుడు విజయనగరం జిల్లాలో చేరింది. ఇప్పుడు రాజాం అంటే వ్యాపారాల ఊరు, ఇంజినీరింగ్ కాలేజీ ఊరు. ఆ రోజుల్లో తాండ్ర పాపారాయుడి ఊరు.

పాపారాయుడు మల్లమ్మదేవికి అన్న. యుద్ధం జరిగినప్పుడు ఆయన రాజాంలో ఉన్నాడు. ఆపదలో ఉన్న చెల్లెలు కబురు పంపిందని, అది అందేసరికి ఆలస్యమైందని జానపదులు చెబుతారు. గుర్రాన్ని దౌడు తీయించి వచ్చేసరికి బొబ్బిలి కాలిపోతోంది. ఇప్పుడు కారులో ముప్పావుగంట దారి. ఆ ముప్పావుగంట దారే ఈ కథలో అందరినీ ఏడిపించే ఘట్టం. ఎంతో దూరాన ఉన్నవాడు రాలేకపోతే మనం సరిపెట్టుకుంటాం. పక్కనే ఉన్నవాడు ఓ పూట ఆలస్యంగా వస్తే తట్టుకోలేం.

మూడో రాత్రి. విజయరామరాజు శిబిరం. గుడారంలోకి చొరబడినవాళ్లు నిద్రలో ఉన్న రాజును పొడిచి చంపారు. ఒంటి మీద 32 గాయాలున్నాయని ఆర్మ్ రాశాడు. కోట నుంచి తప్పించుకున్న నలుగురు సైనికులు ప్రతిజ్ఞ చేశారని, ఇద్దరు లోపలికి వెళితే, వాళ్లు విఫలమైతే పని పూర్తిచేయడానికి మరో ఇద్దరు అడవిలో కాచుకున్నారని ఆయన కథనం. మన కథల్లో ఆ కత్తి పాపారాయుడిది. పని ముగిశాక శత్రువుకు దొరక్కుండా తానూ అక్కడే ప్రాణం తీసుకున్నాడంటారు. 

మూడు రోజుల్లో రెండు సంస్థానాలకూ ప్రభువులు లేకుండా పోయారు.

అన్నను ఆపబోయిన చెల్లెలు

బొబ్బిలి కథలో ఓ చెల్లెలు అన్న కోసం ఎదురుచూసింది. విజయనగరం కథలోనూ ఓ చెల్లెలు ఉంది. ఆమే పైడితల్లి. 

ఆమె విజయరామరాజుకు చెల్లెలని ఇక్కడివాళ్ల నమ్మకం. బొబ్బిలి మీదికి వెళ్లొద్దని అన్నను బతిమాలిందట. వినలేదు. అన్నకు ముప్పు ఉందని మనసుకు తోచి, హెచ్చరించడానికి బయలుదేరింది. దారిలోనే అన్న చనిపోయాడన్న వార్త చెవిన పడి కుప్పకూలింది. పెద్దచెరువులో తాను విగ్రహంగా వెలుస్తానని కలలో చెప్పిందని, యుద్ధం జరిగిన మరుసటి ఏడాది అలాగే విగ్రహం దొరికిందని, గుడి కట్టారని భక్తులు చెబుతారు.

ఏటా విజయదశమి తర్వాత వచ్చే మంగళవారం ఆ తల్లికి సిరిమానోత్సవం. పొడవాటి చింతమాను. దాని కొసన ఆసనం. ఆసనంలో పూజారి. మాను ఆకాశంలోకి లేస్తుంది. మూడు లాంతర్ల దగ్గరి గుడి నుంచి కోట దాకా మూడుసార్లు వెళ్లి వస్తుంది. పూసపాటి వారు కోట బురుజు మీద కూర్చుని చూస్తారు. అరటిపళ్లు విసిరే చేతులు, కిక్కిరిసిన మేడలు, మిద్దెలు... ఒడిశా, ఛత్తీస్‌గఢ్ నుంచి కూడా జనం వస్తారు. ఆ రోజు విజయనగరంలో కాలు పెట్టే చోటుండదు.

ఉత్సవం కాసేపు పక్కన పెట్టి ఆలోచించండి. విజయనగరం యుద్ధంలో గెలిచిన రాజుకు అంత పెద్ద పండగ చేయడం లేదు. వద్దన్న చెల్లెలికి చేస్తోంది. సినిమాల్లో విలన్ అయిన ఊరు యుద్ధాన్ని ఆపబోయిన ఆడపడుచును ఇలవేల్పుగా చేసుకుంది. ఈ సంగతి తెరమీద పెద్దగా కనిపించదు. సిరిమాను తిరిగే వీధిలో నిలబడితే తెలుస్తుంది.

ఇద్దరూ ఓడిన యుద్ధం

ఇద్దరు కొట్లాడుకుంటే మూడోవాడు బాగుపడతాడంటారు. ఇక్కడ నాలుగోవాడు బాగుపడ్డాడు.

విజయరామరాజు తర్వాత గద్దెనెక్కిన ఆనంద గజపతిరాజుకు బుస్సీతో పొసగలేదు. 1758లో ఆయన ఫ్రెంచివాళ్ల చేతుల్లోంచి విశాఖపట్నం లాక్కుని ఇంగ్లిషువాళ్లకు కబురుపెట్టాడు. క్లైవ్ పంపగా కర్నల్ ఫోర్డ్ బెంగాల్ నుంచి సేనతో దిగాడు. ఆ డిసెంబరులో చందుర్తి దగ్గర ఫ్రెంచివాళ్లు ఓడిపోయారు. 1759 ఏప్రిల్‌లో మచిలీపట్నం కోటా పోయింది. బొబ్బిలిని బూడిద చేసిన రెండేళ్లు దాటగానే ఫ్రెంచి దొరతనం ఈ తీరాన ముగిసిపోయింది.

వాళ్ల స్థానంలో వచ్చిన కంపెనీ పిలిచినవాడినైనా వదిలిందా? లేదు. కప్పం బకాయిల దగ్గర మొదలైన గొడవ ముదిరి 1794 జులైలో పద్మనాభం దగ్గర యుద్ధమైంది. విజయనగరం ప్రభువు చిన విజయరామరాజు తన అనుచరులతో కలిసి కంపెనీ సేన చేతిలో వీరమరణం పొందాడు. బొబ్బిలికి ఏ గతి పట్టిందో, 37 ఏళ్ల తర్వాత విజయనగరానికీ దాదాపు అదే గతి పట్టింది. చిన్న బలగం, పెద్ద సైన్యం, వెనక్కి తగ్గని రాజు. బొబ్బిలి పౌరుషం అని మనం చెప్పుకునేది పద్మనాభంలోనూ ఉంది. దాన్ని పాడిన బుర్రకథలు తక్కువ, అంతే.

పాట నుంచి తెర దాకా

యుద్ధం వార్త మొదట పాటగానే ఊళ్లు తిరిగింది. పెద్దాడ మల్లేశం అనే కవి పేరుతో జంగం కథ ఉంది. దిట్టకవి నారాయణకవి ‘రంగరాయ చరిత్రము’ కావ్యంగా రాశాడు. 20వ శతాబ్దం మొదట్లో శ్రీపాద కృష్ణమూర్తిశాస్త్రి, వేదం వేంకటరాయశాస్త్రి వంటి పెద్దలు నాటకాలు రాశారు. షేక్ నాజర్ బుర్రకథతో ఊళ్లకు ఊళ్లు ఊగిపోయాయి. వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్, సంజయ్ సుబ్రహ్మణ్యం 2001లో వెలువరించిన ‘టెక్స్‌చర్స్ ఆఫ్ టైమ్’ పుస్తకంలో ఈ బొబ్బిలి కథలన్నిటినీ పక్కపక్కన పెట్టి చూశారు. మనవాళ్లకు చరిత్ర రాయడం తెలీదనే మాట తప్పని, కథలోనే చరిత్రను దాచుకున్నారని వాళ్ల వాదన.

1964లో సి.సీతారాం దర్శకత్వంలో ‘బొబ్బిలి యుద్ధం’ వచ్చింది. రంగారావుగా ఎన్టీఆర్, మల్లమ్మగా భానుమతి, పాపారాయుడిగా ఎస్వీ రంగారావు, విజయరామరాజుగా రాజనాల. 1986లో దాసరి నారాయణరావు ‘తాండ్ర పాపారాయుడు’ తీస్తే కృష్ణంరాజు కత్తి దూశారు. తర్వాత ఈ సినిమాలు బుల్లితెరకెక్కాయి. వీధిలో ఒక్క టీవీ ఉన్న రోజుల్లో ఆ ఇంటి ముందు చాపలు పరుచుకుని చూసిన తరం ఒకటుంది. మర్నాడు వెదురు బద్దలు కత్తులయ్యేవి. పాపారాయుడి వేషానికి పోటీ. విజయరామరాజు వేషానికి ఎవరూ ముందుకొచ్చేవారు కాదు.

తెర మీద మంచీ చెడూ తేలిగ్గా విడిపోతాయి. ఆటలో రెండు జట్లు ఉండాలి కదా. కానీ బొబ్బిలి, విజయనగరం అలా విడిపోలేదు. ఒకే జిల్లాలో ఉన్నాయి. సంబంధాలు కలుపుకున్నాయి, సరుకులు మార్చుకున్నాయి. 2017 వచ్చేసరికి రెండు కోటల వారసులూ ఒకే రాజకీయ పార్టీలో ఉన్నారు. పూసపాటి అశోక్ గజపతిరాజు కేంద్రంలో మంత్రి, బొబ్బిలి సుజయ్ కృష్ణ రంగారావు రాష్ట్రంలో మంత్రి. 

ఓట్లు కోటగోడలు చూడవనడానికి ఇంకో ఉదాహరణా ఇక్కడే ఉంది. బొబ్బిలి రాజా సర్ రామకృష్ణ రంగారావు 1930ల్లో మద్రాసు ప్రెసిడెన్సీకి ప్రధానిగా ఉన్నారు. 1937 ఎన్నికల్లో ఆయన సొంత గడ్డ మీద ఓడిపోయారు. ఓడించింది ఫిరంగులున్న దొర కాదు. కార్మిక నాయకుడు వి.వి.గిరి. తర్వాతి కాలంలో ఆయన భారత రాష్ట్రపతి అయ్యారు.

స్తూపం, వీణ

బొబ్బిలి వెళ్లినవాళ్లు మొదట చూడాల్సింది యుద్ధస్తంభం. పాత కోట ఉన్నచోట అప్పటి మహారాజా వేంకట శ్వేతాచలపతి రంగారావు 1891లో దీన్ని కట్టించారు. ఇప్పుడు ఊళ్లో కనిపించే రాజమహల్ యుద్ధం తర్వాతి కాలానిది. 1757 నాటి మట్టికోట ఆ రోజే మట్టిలో కలిసిపోయింది. అందుకే పెద్ద కోటగోడలు చూద్దామని వచ్చినవాళ్లు కాస్త నిరాశపడతారు. ఓ స్తంభం, దాని చుట్టూ ఖాళీ. కథ తెలిసినవాళ్లకు ఆ ఖాళీయే చాలు.

ఆ తర్వాత గొల్లపల్లి. బొబ్బిలి వీణలు తయారయ్యేది ఇక్కడే. ఒకే పనస దుంగను తొలిచి కుండ, దండి అతుకు లేకుండా చెక్కుతారు. అందుకే ఏకాండి వీణ అంటారు. సర్వసిద్ధి ఇంటిపేరున్న కళాకారులు తరతరాలుగా చేస్తున్న పని. వీణలకు ఆదరణ ఇచ్చింది బొబ్బిలి సంస్థానమే. భౌగోళిక గుర్తింపు కూడా దక్కింది. ఇంట్లో పెట్టుకునే చిన్న బొమ్మ వీణలు కూడా చేస్తారు. బొబ్బిలి నుంచి పిల్లలకు ఏం తేవాలని ఆలోచించే పనిలేదు.

ఆ పిల్లాడి సంగతి

ఒక ప్రశ్న మిగిలిపోయింది. కోటలో అందరూ చనిపోతే, మళ్లీ ఈ సంస్థానం ఎక్కడిది? స్తంభం కట్టించిన మహారాజా ఎక్కణ్నుంచి వచ్చారు?

దానికి జవాబు కూడా ఆర్మ్ పుస్తకంలో ఉంది. పోరు ముగిశాక ఓ ముసలివాడు చిన్న పిల్లాడిని వెంటబెట్టుకుని ఫ్రెంచి అధికారి ముందుకొచ్చాడు. వీడు రంగారావు కొడుకు, తండ్రి మాటకు విరుద్ధంగా నేను బతికించాను అన్నాడు. బుస్సీ ఆ పిల్లాడిని ఆదరించాడు. తండ్రి వద్దన్న బదులు భూములు కొడుక్కి ఇచ్చాడు. ఆ బాలుడే చిన్న రంగారావు. తర్వాత మళ్లీ విజయనగరంతో గొడవలు, చెరలు, పారిపోవడాలు. చివరకు పద్మనాభం యుద్ధం తర్వాత కంపెనీ బొబ్బిలిని ఆయనకు అప్పగించింది. పూడిపోయిన వంశం మళ్లీ చిగురించింది.

ముసలివాడి పేరు ఆర్మ్ రాయలేదు. ఆయన కత్తి దూయలేదు. చేసింది ఒక్కటే... రాజాజ్ఞ మీరాడు. పౌరుషం పేరిట అందరినీ చంపుతున్న వేళ ఓ పసివాడి చెయ్యి పట్టుకుని పొగలోంచి బయటికొచ్చాడు. దొరికితే అటు తనవాళ్లూ చంపుతారు, ఇటు శత్రువులూ చంపుతారు.

బొబ్బిలి కథ పిల్లలకు చెప్పని ఇల్లు తెలుగునాట తక్కువ. రంగారావు పంతం చెబుతాం, పాపారాయుడి ప్రతీకారం చెబుతాం. ఈసారి చెప్పేటప్పుడు పైడితల్లి మాటనూ ఈ ముసలివాడి సాహసాన్నీ కూడా కలిపి చెప్పండి. యుద్ధాన్ని ఆపాలని చూసిందొకరు, యుద్ధం నుంచి ఒక ప్రాణాన్ని కాపాడిందొకరు. వీరుల కథలో వాళ్లకూ చోటుండాలి. 

ఇలా వెళ్లాలి

హౌరా - చెన్నై ప్రధాన మార్గంలో విజయనగరం పెద్ద జంక్షన్. విశాఖపట్నం నుంచి గంట, గంటన్నర ప్రయాణం. అక్కణ్నుంచి పార్వతీపురం, రాయగడ వైపు వెళ్లే రైళ్లు బొబ్బిలిలో ఆగుతాయి, బస్సులూ ఉన్నాయి. రాజాంకు రైలు లేదు. చీపురుపల్లిలో దిగి బస్సెక్కాలి, లేదా బొబ్బిలి నుంచి నేరుగా రోడ్డు మార్గంలో వెళ్లొచ్చు. శ్రీకాకుళం వెళ్లాలనుకుంటే ఆమదాలవలసలోని శ్రీకాకుళం రోడ్ స్టేషన్‌లో దిగాలి. 

విజయనగరంలో కోట, 1885 నాటి గంటస్తంభం, పైడితల్లి గుడి ఒకదానికొకటి దగ్గర్లోనే ఉంటాయి. ఓ పూట చాలు. పొద్దున్నే బయలుదేరితే అదేరోజు బొబ్బిలి స్తంభం, గొల్లపల్లి చూసుకుని సాయంత్రానికి తిరిగి రావొచ్చు. సిరిమాను చూడాలనుకుంటే మాత్రం దసరా ముందే బస సంగతి చూసుకోవడం మంచిది.